నాలుగు నిమిషాల వీపు

చీమకుర్తిలో పాలిషింగు యూనిట్ల వెనక
రాతిపొడి నీళ్ళు పాలలా పారే కాలవ పక్కన
మొదటి షాట్.

మాలకొండయ్య చొక్కా విప్పుతాడు.
అంతే. ఇంకేం జరగదు.
విప్పేటప్పుడు తల ఒక్క క్షణం గుడ్డలో ఇరుక్కుంటుంది,
ముఖం లేని మనిషి, చేతులు పైకి,
చంకల్లో తెల్లటి దుమ్ము.
ఆ క్షణాన్ని పదకొండు సెకన్లకి సాగదీశాను.

రంపం మోత తీసేశాను.
రోజూ ఆ మోతలో మేమిద్దరం అరిచే మాట్లాడుకుంటాం,
అన్నం తిన్నావా అన్నదైనా సరే.
దాని చోట ఏం పెట్టాలో తెలీక
అతని ఊపిరి పెట్టాను.

రెండో షాట్‌లో నీళ్ళ గొట్టం.
మెడ మీంచి వెన్నుగాడి వెంట ధార దిగుతుంటే
దుమ్ము కరిగి చామనఛాయ బయటపడుతుంది,
పలక మీద నీళ్ళు కొట్టగానే
నల్లరాతిలో బంగారు చుక్కలు తేలినట్టు.
ఆ రాతిని ఓడలెక్కించి పంపుతారు
కొలిచి, వేళ్ళతో తడిమి, మురిసిపోయి.
కోసిన వీపుని తడిమిందెవరు?

కుడి భుజం కింద గొలుసు తెగి కొట్టిన మచ్చ,
బొటనవేలంత.
అక్కడ నా చేతిలో ఫోను వణికింది.
ఆ ముక్క కోసెయ్యమన్నాడు అద్దంకి స్నేహితుడు.
కొయ్యలేదు.
సినిమా మొత్తంలో నేనున్నది ఆ వణుకులోనే.

ఆదివారం పొద్దుగూకాక రేకుల షెడ్డులో
అతని పంచే తెరగా కట్టి వేశాం.
పదిమంది. క్రేను మస్తాను ఈల వేశాడు.
"ఫైటింగు ఎప్పుడబ్బయా?" అన్నారెవరో.
గాలికి పంచె ఊగినప్పుడల్లా వీపు ఊపిరి పీల్చింది.
నీళ్ళు దిగేచోట నవ్వులాగాయి.
మగాడి ఒంటిని మగాళ్ళు
బరువు మొయ్యకుండా, దెబ్బలాడకుండా, శవం కాకుండా
ఊరికే చూడ్డం ఎట్టాగో
మాకెవరూ నేర్పలేదు.
ఒకడు బీడీ వెలిగించుకున్నాడు.
ఒకడు చీకట్లో చెప్పులు వెతుక్కున్నాడు.
మస్తాను పెదాలు ఈల ఆకారంలోనే ఉండిపోయాయి,
శబ్దం రాలేదు.

మాలకొండయ్య చివరిదాకా కూర్చున్నాడు.
పంచె మడతపెడుతూ
"నా ఈపు ఎట్టుంటదో ముప్పయ్యారేళ్ళకి ఇయ్యాలే చూశా" అన్నాడు.
కాసేపాగి,
"ఆడ ఎందుకు వణికిందిరా?"

బయట రాత్రి షిఫ్టు రంపాలు మొదలయ్యాయి.
జవాబు చెప్పాలంటే అరవాలి.
అతను దగ్గరికి జరిగి
చెవి వంచాడు.