ఎడమ పక్క ఖాళీ

హొన్నూర్ సాబ్ పంతొమ్మిదేండ్లు ఆడినాడు
గుంతకల్లు రైల్వే జట్టుకి, నడిమధ్యన.
మొత్తం కొట్టిన గోల్స్ మూడు.
అందులో ఒకటి కాలికి తగిలి దానంతటదే పోయిందని
ఆయనే ఒప్పుకుంటాడు, ఉగ్గానిలోకి
బజ్జీ తుంచుకుంటా.

పగలు పాయింట్స్‌మన్.
పడమటి క్యాబిన్‌లో మనిషెత్తు ఇనుప లీవర్లు,
ఒకటి లాగితే బళ్లారి, ఇంకోటి లాగితే గుత్తి,
వాడీ వైపు, ధర్మవరం వైపు.
ఏ బండీ ఆయన్ని ఎక్కించుకోలేదు,
ఏ బండీ ఆయన్ని కాదని పోలేదు.
సాయంత్రం అదే పని, కాళ్లతో.
బంతి వచ్చేలోపే అది యాడికి పోవల్లో
మెడ తిప్పి చూసుకోని ఉంటాడు.
ఒక్క తాకు. అంతే.
జనం అరిచేలోగా తల వంచుకోని
వెనక్కి నడుస్తాంటాడు.

పెట్టెలో, టిఫిన్ గిన్నె పక్కన,
పాత పత్రికలోంచి చించిన బొమ్మ:
ఫ్రాన్సు ఆటగాడంట, ఈయన లెక్కనే నడుమ ఆడి
వయసు మళ్లినాక కోచ్ అయినాడంట.
పేరుకి నోరు తిరగదు. "మా తెల్లన్న" అంటాడు.
"చొక్కా మీద బురద చూడు,
గోల్ కొట్టేవానికి అంత బురద అంటదు."

హుబ్బళ్లిలో, ఇంకా పది నిమిషాలుందనగా,
మోకాలు పక్కకి తిరిగింది.
ఆ చప్పుడు ఆయనకు ముందే తెలుసు,
సరిగా పడని పాయింటుది.

తర్వాత కోచ్.
"కోచ్ అంటే బోగీనే గదమ్మా,
ఇంజను యాడికి లాగితే ఆడికి పోయేది"
అని నవ్వినాడు మా అమ్మతో,
నన్ను ఆటకి పంపమని అడగను వచ్చి.
మూడో ప్లాట్‌ఫారం మీద జామకాయలమ్మేది అమ్మ.
"నిక్కరు వేసుకోవల్లంటనా?" అనింది.
"మోకాళ్ల కిందికి కుట్టిస్తా లే."
రెండు కాయలు ఎక్కువ తూచింది.

మొదటి మూడు నెలలు మాకు బంతే ఇయ్యలేదు.
పాత ఇంజన్ల బొగ్గుచూర పరిచిన మైదానం,
పడితే మోకాళ్లలో నల్లచుక్కలు, ఇప్పటికీ ఉండాయి.
పరుగెత్తుతాంటే వెనకనించి కేక:
"నీ ఎడమ పక్క ఎవరుండారు? చూడకుండ చెప్పు!"
చెప్పకపోతే ఇంకో చుట్టు.

ఆయన చేతిలో వాడి పారేసిన డ్యూటీ రిజిస్టరు.
కొట్టినోళ్ల పేర్లు పేపరోళ్లు రాస్తారులే, అని
ఇచ్చినోళ్ల పేర్లు రాసేవాడు.
ఇచ్చినోళ్లకు ఇచ్చినోళ్లవి కూడా.

ఆదోనితో ఆఖరాట. ఒకటికి ఒకటి.
ఇద్దర్ని దాటుకోని కొట్టినా.
వల ఊగింది. కప్పు మాది.
డీజిల్ షెడ్డోళ్లు నన్ను భుజాలకెత్తుకున్నారు,
ఎవరో ఇంజను హారన్ కూడా మోగించినారు.
సార్ లేచి రాలేదు. సున్నపు గీత మీద కూచోని
ఏందో రాసుకుంటాండె.

క్యాబిన్ ఇప్పుడు లేదు. లీవర్లకు బదులు బటన్లు.
కసాపురం రోడ్డుకి ఇల్లు మారేటప్పుడు
రిజిస్టర్లన్నీ నాకు పంపినాడు, బియ్యం సంచిలో.
ఆ రోజు పేజీ వెతికినా.
నా పేరు లేదు. కప్పు మాట లేదు.
పెన్సిల్‌తో ఒక్క వరస:
"ఎనబై మూడో నిమిషం. ఎడమ పక్క
సుంకమ్మ ఖాళీగా ఉండె."

సుంకమ్మ మరుసటేడు ఆటకి రాలేదు.
ఎందుకని నేనూ అడగలేదు.

ఇప్పుడు నేను గూడ్సు బండి నడుపుతా.
నంచర్ల దాటినాక మలుపు.
మాకు సిగ్నళ్లు ఎడమ పక్కనే.
చూస్తా. పచ్చదీపం దాటిపోయినాక కూడా
ఇంకొంచెం సేపు అటే చూస్తా, జొన్నచేల దిక్కు.
కలుపు తీసేవాళ్లలో ఎవరో ఒకరు
నడుము పట్టుకోని లేచి చెయ్యెత్తుతారు.
బండికే లే.