కాలమ్ తొమ్మిది

ఏసీ గార్డ్స్‌లో మిట్టమధ్యాహ్నం.
చంకలో ఫారాల కట్ట, బొటనవేలికి సిరా.
గుమ్మాల మీద సుద్దతో నంబర్లేసుకుంటూ
నలభై రెండో ఇంటికొచ్చాను.
ఎండకి తోలు బిగియాలని
గడపలో మర్ఫా డోలు వెల్లకిలా పడుకుని ఉంది.

"చాయ్ తాగు టీచరమ్మా, తర్వాత రాసుకో,
మమ్మల్ని రాసుడు జల్దీ ఒడిసే పని కాదు"
అన్నాడు మర్జాన్ చాచా.

పేరు రాశాను. వయసు అందాజాగా రాశాను.
గదులు ఒకటిన్నర.
కాలమ్ తొమ్మిది దగ్గర పెన్ను ఆగింది.
కోడ్ల పుస్తకం ముందు నుంచీ వెనక నుంచీ తిప్పాను.
ఆఖరి పేజీలో 'ఇతరులు' ఉన్నారు,
దావత్‌లో కుర్చీ దొరకని వాళ్లు
చేయి కడిగే చోట నిలబడ్డట్టు.

చాచా నవ్వాడు. ముందు పళ్లు మూడు లేవు.
"మా తాతల తాతలు ఓడెక్కినప్పుడు
ఒకని మాట ఒకనికి తెల్వదంట.
ఒకడు చేపలోడు, ఒకడు పశువులోడు,
ఇద్దరి ఊళ్లకు పాత పగ కూడ ఉండెనంట.
ఓడల ఎవ్వడూ హబ్షీ కాదు.
రేవుల దిగినంక, ఎవడో మున్షీ
చెమట తుడుసుకుంట
అందరికి కలిపి ఒక్కటే మాట రాసిండు.
చెయ్యి నొచ్చిందో ఏమో పాపం.
ఆ మాట కింద నిలబడినంకనే
మావోళ్లు ఒకల మొఖం ఒకలు చూసుకున్నరు."

ఆ తర్వాత గుర్రాలిచ్చారు, బల్లేలిచ్చారు,
బస్తీకి వాళ్ల పేరే పెట్టారు.
గుర్రాలు పోయాయి.
ఇప్పుడు ఏసీ అంటే
ఆటోవాళ్లు చల్లగాలి అనుకుంటారు.

నాకు ఆరో తరగతి గుర్తొచ్చింది.
"స్కాలర్‌షిప్ పిల్లలు లేవండి" అన్నాడు రాజలింగం సారు.
పదకొండు మందిమి లేచాం.
లేవక ముందు మేం గుంపు కాదు.
రిబ్బను ముక్క కోసం
నేనూ కొమురమ్మా గోళ్లతో రక్కుకున్న చారలు
ఇంకా మానలేదు కూడా.
కూర్చోమన్నాక చూస్తే
మేమంతా ఒకే బెంచీ వైపు జరిగి ఉన్నాం.
ఎవరూ జరగమనలేదు.

మనవడు నసీబ్ వచ్చాడు, భుజాన బంతి వల.
నిన్న మాసాబ్ ట్యాంక్ దగ్గర
పోలీసాయన బండి ఆపి వీసా అడిగాడట.
"యహీంచ్ పైదా హువా సాబ్" అంటే
"హైదరాబాదీ మంచిగ నేర్చినవ్ రా"
అని మెచ్చుకున్నాడట.
"అదే బారాత్‌ల డోలు కొడితే
అసలు మర్ఫా అని వీడియోలు తీస్తరు మేడమ్.
ఆ ఒక్క రాత్రికి మా రంగుకి
వెయ్యి రూపాయలు ఎక్స్‌ట్రా."
నవ్వుతూనే చెప్పాడు.
బూట్లు మాత్రం మూలకి విసిరేశాడు.

"మరి ఏం రాయమంటావు చాచా?"
ఆయన డోలు ఒళ్లోకి తీసుకున్నాడు.
వేలితో ఒకసారి. అరచేత్తో ఒకసారి.
అటక మీద గిన్నె సన్నగా వణికింది.
"మాట వాడు పెట్టిండు. ఇది మేం కొట్టినం.
వాడు రాసిన దాంట్ల ఈ సప్పుడు లేకుండె,
మేం తర్వాత నింపినం.
ఇప్పుడు తియ్యమంటే ఏది తియ్యాలె?
రెండూ రాస్తవా? నీ డబ్బా చాల్తదా?"

డబ్బాలో మూడు అంకెలు పడతాయి.
ఖాళీగా వదిలితే
సూపర్‌వైజర్ ఎర్రసున్నా చుడతాడు.

"సరే గాని బిడ్డా,
నీ తొమ్మిదో కాలంల ఏం రాసుకున్నవ్?"

చాయ్ మీద మీగడ కట్టింది.

మా ఇంటికి వాళ్లొచ్చిన రోజు
నేను ఇంకో గల్లీలో నంబర్లేస్తున్నాను.
గేటు దగ్గరే నిలబడి
మా ఓనరమ్మే చెప్పి పంపిందట,
ఇల్లు అద్దెకిచ్చే ముందు
ఇంటిపేరు రెండుసార్లు అడిగిన ఓనరమ్మ.

ఏం చెప్పిందో
నేనింకా అడగలేదు.