మూత

కే స్ట్రీట్‌లో ఆరో అంతస్తు.
ఫండు మూసేస్తున్నారు.
కుర్చీలకి అప్పుడే వేలం చీటీలు అంటించారు.
నాకు అప్పగించినవి నూట పన్నెండు అట్టపెట్టెలు:
ఉంచాలా, చింపాలా,
ఏదో ఒకటి రాసి సంతకం పెట్టాలి.

ఎగ్గొట్టినవాళ్ల ఫైళ్లు లావు.
నోటీసులు, లాయర్లు, మూడు భాషల్లో సాకులు.
సోఫియాలో హోటలు కడతానన్నాయన
ఒక్కడే నాలుగు పెట్టెలు ఆక్రమించాడు.
తీర్చేసినవాళ్లవి అప్పడమంత.

స్నెజానా వెల్కోవా, బల్గేరియా.
తొంభై నాలుగులో ఇరవై రెండు వేల డాలర్లు,
ఎర్రమిరప పచ్చడి సీసాలకి
మూతలు బిగించే యంత్రం కోసం.
హామీ: రెండు గేదెలు, నడవని మోస్క్‌విచ్ కారు.
పోటీదారులెవరు అన్న గడిలో
"మా వదిన" అని రాసింది.
గత మూడేళ్ల లాభం?
"అప్పట్లో ఆ మాట మాకు తిట్టు."

అప్పుచేసి పప్పుకూడు అని
దెప్పించుకుంటూ పెరిగినదాన్ని నేను.
ఈవిడ అప్పుచేసి పచ్చడి పట్టింది,
పదకొండుమందికి జీతాలిచ్చింది.
ఒక్క వాయిదా ఆలస్యం.
పక్కన ఎవరో పెన్సిలుతో: వడగళ్లు పడ్డాయి పాపం.

పెట్టె అడుగున గుడ్డ చుట్టిన సీసా.
దానికో ఫారం.
"కానుక. విలువ డాలరు పది సెంట్లు.
నిబంధనల ప్రకారం తినరాదు."
ఇన్నేళ్లూ తిననూ లేదు, పారెయ్యనూ లేదు
అమెరికా ప్రభుత్వం.

డెనిస్ గుమ్మంలో నిలబడి గడియారం చూసుకుంటోంది.
కింద లారీ వచ్చేసింది.
"ఇంతకీ మన డబ్బు పనిచేసిందంటావా?"
కాంగ్రెసుకి పంపే నివేదికలో
ఒక వాక్యం ఇంకా ఖాళీట.

సీసా తలకిందులు చేశాను.
చుక్క నూనె జారలేదు.
బొటనవేలితో నొక్కాను,
ఉబ్బులేదు, చప్పుడు లేదు.
"మూత గట్టిది" అన్నాను.
డెనిస్ రాసుకోలేదు.

సాయంత్రం పెట్‌వర్త్‌లో మెట్రో దిగి నడుస్తుంటే
ఆర్డెల్ మిక్కిన్స్ రొట్టెల కొట్టు,
మూతపడి ఏడాదయింది.
పొయ్యి మార్చుకోవడానికి తొమ్మిది వేలు అడిగాడు,
ఇక్కడే, నాలుగు వీధుల అవతల బ్యాంకులో.
అతని కాగితం ఏ పెట్టెలో ఉందో.
పక్కన పెన్సిలుతో
ఎవరైనా, ఏమైనా రాశారో లేదో.