ఎడమ చెవి

సోమవారం పొద్దున పదిగంటలకి
చిత్తూరు ఎస్పీ ఆఫీసు వరండాలో
స్టాంపు ప్యాడు మీద రెండు చుక్కల నీళ్లు పోస్తాను.
ఇంకు కావాలని ఇండెంటు పెట్టి ఏడాదయింది.
ఊదారంగు ఇంకా కొంచెం మిగిలే ఉంది.

తవణంపల్లి పక్కనుంచి వచ్చాడు చెంగల్రాయులు.
కొడుకు మునిచంద్రకి కుడిపక్కనే నిలబడ్డాడు.
ఎందుకో తర్వాత తెలిసింది.

తోతాపురి కాలం.
గుజ్జు ఫ్యాక్టరీ గేటు ముందర
మూడు రాత్రులు ట్రాక్టరు వరసలోనే ఉంది.
కాయలు ట్రాలీలోనే మాగి, రసం కారి
రోడ్డంతా ఈగలు.
నాలుగో పొద్దు ఎవరి బండో ముందుకు దూరింది.
కేకలు. జీపు.
ఎస్సై అరచెయ్యి చెంపకని లేచి
చెవి మీద పడింది.

"ఒక్క దెబ్బే మేడమ్," అన్నాడు తండ్రి,
ఎక్కువ చెప్తే తప్పయిపోతుందేమోనని,
తక్కెట్లోంచి ఒక కాయ తీసేసినట్టు.

ఇన్వర్డు నంబరు పదకొండు వందల నలభై ఆరు.
పచ్చ సిరాతో పైన రాసొచ్చింది:
విచారించి నివేదిక పంపవలెను.

కాగితం మెట్లు దిగింది.
డీఎస్పీ టేబులు మీద రెండు వారాలు పడుకుంది.
సీఐ దగ్గర
టీ గ్లాసు అడుగున గుండ్రటి మరక తెచ్చుకుంది.
అక్కణ్ణుంచి, ఇంకెక్కడికి పోతుంది,
ఆ స్టేషనుకే పోయింది.

నోటీసు ఇచ్చేదానికి ఇంటికొచ్చింది
ఆ రోజు పిల్లోడి రెక్కలు వెనక్కి విరిచి పట్టుకున్న కానిస్టేబులేనంట.
"గడపలోకి వచ్చినోడిని ఏం చేస్తాం మేడమ్.
మా ఆడది మజ్జిగ ఇచ్చె. తాగె.
గ్లాసు కడిగి బోర్లించి పెట్టె.
మంచోడే.
సంతకం పెట్టమన్నాడు, పెట్టినా."

ఏం సంతకమో ఆయన చదవలేదు.
తిరిగొచ్చిన ఫైల్లో నేను చదివాను:
ఫిర్యాది రాజీపడినాడు.
ఆరోపణ రుజువు కాలేదు.
చెవి చిన్ననాటి నుండి కారుచుండెనని
ఇరుగుపొరుగు వారు తెలిపినారు.

వాళ్లది తోపు నడుమ ఒంటిల్లు.
ఇరుగూ లేదు, పొరుగూ లేదు.

'మూయడమైనది' అని రాసే చెయ్యి నాది.
పదకొండేళ్లుగా.
ఎవర్నీ కొట్టని చెయ్యి కదా అని
రాత్రిపూట దానికి నేనే నచ్చజెప్తాను.

మళ్లీ సోమవారం.
అదే అర్జీ, తేదీ ఒక్కటే మారింది.
"ఇచ్చినారు కదన్నా ఒకసారి?"
"ఇచ్చినా. మళ్లా ఇస్తా ఉండా.
పైన యాడో ఒక ఆఫీసుందంట కదా మేడమ్,
పోలీసోళ్ల మీద చెప్పుకుంటే
పోలీసోళ్లు కాకుండా వేరేవాళ్లు కూర్చుని వినేది.
దానికి దోవ చెప్పండి."

ఉంది.
దాని చిరునామా నోటీసు బోర్డుకి అంటించాలని
ఒక ఉత్తర్వు కూడా ఉంది.
ఆ ఉత్తర్వు నా బీరువాలో ఉంది,
కింది అరలో, పాత క్యాలెండర్ల కింద.

విన్నపం అంటాం.
మాటలోనే 'విన్న' ఉంది.
విన్నవాడు మాత్రం లేడు.

తాళం తీశాను.
రసీదు వెనక చిరునామా రాసిచ్చాను.
చెయ్యి వణికిందని చెప్పను, వణకలేదు.
అదే గుచ్చుకుంది.
ఇంతసేపటి పనికా
ఇన్నేళ్లు పట్టింది?

అప్పుడు మొదటిసారి నోరు తెరిచాడు మునిచంద్ర:
"నంబరు గట్టిగా చెప్పండి మేడమ్."
తల తిప్పి కుడి చెవి ఇటు పెట్టాడు.
చెప్పాను.
వినపడలేదన్నాడు. మళ్లీ చెప్పాను.
గేటు దగ్గర సెంట్రీ తలెత్తి చూశాడు.
లోపల కుర్చీ కదిలిన చప్పుడు.

మూడోసారి
ఇంకా గట్టిగా చెప్పాను.