తెల్లారేలోగా

తెల్లారేలోగా అయిపోవాలన్నాడు హాల్వార్.
వార్డోలో సూర్యుడు రావడానికి ఇంకా పదకొండు రోజులుంది.
అతనన్నది ఆరింటి చేపల వేలం సంగతి.

రేవులో నాలుగు పడవలు
కడుపు నిండా కాడ్ చేపలతో ఊగుతున్నాయి.
వేలం హాలు పైగదిలో సర్వరు లేస్తుంది,
పడుతుంది, మళ్లీ లేస్తుంది.
నెట్‌వర్క్ కార్డు మాత్రం ఉలకదు, పలకదు.

సిస్టమ్ పూర్తిగా మేలుకోకముందు ఒక సందుంటుంది.
సరైన మీట సరైన క్షణంలో నొక్కితే
అందులోకి దిగొచ్చు.
బొమ్మల్లేవు, మౌస్ లేదు.
నల్లటి తెర, పసుపు అక్షరాలు,
చివర ఒక బాణం మొన:
చెప్పు, ఏం కావాలి?

పెన్‌డ్రైవ్ చేతి తొడుగులో దాచి తెచ్చాను.
మొదటిసారి గుర్తుపట్టలేదు.
పీకి, ఊది, మళ్లీ పెట్టి
మ్యాప్ అన్నాను. ఒప్పుకుంది.

ఈ షెల్‌కి మా కీబోర్డు తెలియదు,
ప్రపంచమంతా ఒకే మీటలనుకుంటుంది.
కోలన్ కావాలంటే షిఫ్టు పట్టుకుని
అడ్డగీత పడిన సున్నా లాంటి మా అక్షరం నొక్కాలి,
మా ఊరి పేరులో ఆఖరిది.
నొక్కాను. రెండు చుక్కలు పడ్డాయి.

కరెంటు తియ్యొద్దు, అంది తెర.
తర్వాత పాతదంతా చెరిపేయడం మొదలుపెట్టింది.
పన్నెండు శాతం. ముప్పై.
ఇప్పుడా కార్డుకి
నిన్న నేర్చిందేదీ లేదు,
రేపటిది ఇంకా నోట పడలేదు.
అరవై రెండు దగ్గర ఆగిపోయింది.

హాల్వార్ పురిటిగది బయట మగాడిలా
గుమ్మంలో అటూ ఇటూ తిరుగుతూ
ఒక్కసారి ఆగాడు.
"కెటిల్!" అన్నాడు.
ఈ పాత భవనంలో కింద కెటిల్ పెడితే
పైన ఫ్యూజు ఎగిరిపోతుంది.
మెట్లు దడదడలాడాయి.

అరవై రెండు.
నా ఊపిరి తెల్లగా తెర మీద పడి
అంకె మసకబారింది. తుడిచాను.
అరవై రెండే.

అతను తిరిగొచ్చాడు కెటిల్‌తో సహా,
నీళ్లు తొణుకుతుంటే
దొంగపిల్లిని పట్టుకొచ్చినట్టు రొమ్ముకి అదుముకుని.
అప్పుడు కదిలింది.
అరవై మూడు. ఎనభై. నూరు.

మళ్లీ బూట్ చేశాక మొదట చూసింది కార్డు చిరునామా.
పన్నెండు అక్షరాలూ అవే, చివర ఏడు, ఇ.
లోపలి మాటలన్నీ మారినా
పుట్టుమచ్చ చెక్కుచెదరలేదు.
పచ్చదీపం రెప్పలాడించింది.
ఐదూ నలభై ఒకటికి
కింది హాల్లో బోర్డు మీద మొదటి ధర వెలిగింది.

"నా కెటిల్ ఎవడు ఎత్తుకుపోయాడు?"
కింది నుంచి ఆస్లౌగ్ కేక.
హాల్వార్ నా వైపు చూశాడు.
ఇంకాసేపు పట్టుకో, అన్నాను,
రెండో కార్డు మిగిలుంది.