గది చప్పుడు

ప్రతి ఇంటర్వ్యూ అయ్యాక ఒక నిమిషం అడుగుతాను.
ఎవరూ మాట్లాడొద్దు, కదలొద్దు,
గది చప్పుడు కావాలి,
ఎడిటింగ్‌లో మాటకూ మాటకూ మధ్య తెగినచోట
అతుకు వేయడానికి.

నాది సిరొంచ. తెలుగు, మరాఠీ, కొంచెం మాడియా.
అందుకే పూణె నుంచి వచ్చిన గార్గి మేడం
మైకుతో పాటు నా నాలుకనీ
రోజుకి పన్నెండు వందలకి మాట్లాడుకుంది.

భామ్రాగఢ్ దాటి, జీపు ఆగిపోయిన వాగు దాటి
దుల్సే పుంగాటి ఇల్లు.
వెదురు తడికలు, పైన మట్టిపూత.
దండేనికి వేలాడే బూట్లు:
చిన్నోడు పోలీసు భర్తీకి పరిగెత్తి పరిగెత్తి అరగదీసినవి.
కొత్తవి వేసుకుని గడ్చిరోలి పోయాడట.

పెద్దోడు లక్మా. పదహారేళ్ళకి అడవిలోకి.
"ఎందుకు పోయాడు?" అంది మేడం.
దుల్సే ఇప్పపువ్వులోంచి పుల్లలు ఏరుతూనే చెప్పింది:
ఆశ్రమశాలలో జ్వరమొచ్చి ఇంటికొచ్చాడు,
మళ్ళీ పంపలేదు.
డోలు బాగా కొట్టేవాడు. పాటలకని పిలిచారు వాళ్ళు.
వానలు అయిపోయాయి, వాడు రాలేదు.

మేడం నా వైపు చూసింది, ఇంకా ఉంది కదా అన్నట్టు.
ఇంకేం లేదన్నాను.

చూసి ఎన్నాళ్ళయింది?
మూడు తునికాకు కోతలు.
చిన్నప్పట్నుంచీ పొడిదగ్గు, మంచు పడదు వాడికి, అంది.

తర్వాత నా నిమిషం.

హెడ్‌ఫోన్‌లో ముందు ఒక ఈగ.
బయట ఎండుటాకుల మీద ఒక్కో ఇప్పపువ్వు రాలడం.
మేడం వాచీ. కెమెరా కుర్రాడి ముక్కు.
దుల్సే ఊపిరి, సగంలో ఆగి.
నలభై ఒకటో సెకనుకి
తడిక అవతల
ఎవరో దగ్గుని మింగారు.

నేను మీటరు వైపే చూశాను.
పచ్చగీత కొంచెం లేచి పడుకుంది.
అరవై అయ్యాక "చాలు" అన్నాను.

ఆ రాత్రి అల్లపల్లి లాడ్జిలో ఫైలు చెరిపేశాను.
ఊరికొచ్చి, పిల్లలు పడుకున్నాక,
మా వంటింట్లో ఒక నిమిషం రికార్డు చేసి
'దుల్సే ఇల్లు' అని పేరు పెట్టి పంపాను.

పూణెలో సినిమా వేసినరోజు
ఖద్దరు కుర్తా ఒకాయన లేచి
ఆ అడవి నిశ్శబ్దానికి ఒళ్ళు జలదరించిందన్నాడు.
అది మా ఫ్రిజ్.
ఇంకా చెవి పెట్టి వింటే
మా ఆవిడ పాలగిన్నె మీద మూత సర్దడం.
మేడం ఇప్పటిదాకా ఏమీ అడగలేదు.
తెలిసే అడగలేదేమో.

ఆ రోజు వాగు దాకా మా వెంట వచ్చింది దుల్సే.
దోసెడు ఇప్పపువ్వు నా సంచిలో పోసింది.
మెడలో ఉన్న హెడ్‌ఫోన్‌ని వేలితో ముట్టుకుని
మెల్లిగా, మాడియాలో, నాకొక్కడికే:
"దీంట్లో నీకు అన్నీ వినబడతాయా?"

లేదమ్మా, అన్నాను.
పెద్ద చప్పుళ్ళే.