ఎవరి ఖర్చులు వారివే

రెండో అప్పీలు. తొమ్మిదో జడ్జి.
మొదట్నుంచీ మారనిది సందొక్కటే,
ముత్యాలపేటలో మా గోడకీ వాళ్ల గోడకీ నడుమ.
దావాలో మూడడుగులని రాశాం.
కమిషనరు టేపు పెట్టి కొలిస్తే
రెండడుగుల పదకొండు అంగుళాలు.
ఆ అంగుళం ఎవరు మింగారని
పందొమ్మిదేళ్లు.

మధ్యలో మునిరత్నం నాయుడు పోయాడు.
వాయిదా రోజు వాళ్ల లాయరు లేచి
"అప్పీలుదారు మృతి" అన్నాడు.
ఏదో కొత్త కబురైనట్టు
నేనూ తలెత్తి చూశాను.
కానీ ఆ రాత్రి నేను కిటికీ పక్కనే ఉన్నాను.
సందులోంచి రావలసిన పాడె
ఇంజంక్షన్ ఉందని
వెనక ఉల్లిపాయల గోడౌను మీదుగా,
మూటలు జరిపించుకుంటూ, వంకరగా వెళ్లింది.
ఇంజంక్షన్ నాదే.
కిటికీ రెక్క మూశాను.
అది ఏ కట్టలోనూ, ఏ పుటలోనూ లేదు.

ఇవాళ హైకోర్టు ఆవరణలో రాజీ గది.
బల్ల గుండ్రంగా వేశారు, ఎవరూ ఎదురెదురు కూర్చోకూడదని.
మేం ఎదురెదురే కూర్చున్నాం,
నేనూ, నాయుడి కోడలు ఆండాళ్లూ.
జూనియరు ఇంగ్లీషులో చదివి
తమిళంలో చెబుతున్నాడు:
సందు ఉమ్మడి.
గేటు ఒకటి, తాళంచెవులు రెండు.
స్కూటరు నిలపరాదు.
వాననీటి గొట్టం...
మేమిద్దరం తెలుగులో ఊరుకున్నాం.
ఇన్నేళ్లూ తిట్టుకున్నది తమిళంలోనే;
ఇంట్లో మాట్లాడే మాటలు
వీధిలో పారేయడం ఎందుకని కాబోలు.

పుట పుటకీ సంతకం.
గుమాస్తా కాగితం తిప్పి తిప్పి చూసి
"ఇదేం లిపి?" అన్నాడు.
ఆమెదీ అదే లిపి.
నా 'ర' కంటే ఆమె 'ళ్ల' గుండ్రంగా ఉంది.
మా పిల్లలకి ఈ రెండూ చదవడం రాదు.

ఆఖరి షరతు: ఎవరి ఖర్చులు వారివే.
వకీలు ఫీజులు, జెరాక్సులు,
ప్యారిస్ కార్నర్ దాకా ఆటోలు,
మా ఆవిడ రెండు పేటల గొలుసు...
వేలు మడిచి లెక్క పెడుతుంటే
ఉల్లిపాయల వాసనొచ్చి
లెక్క తప్పింది.

మెట్లు దిగుతూ ఆమే అంది:
"అన్నా, ఆ అంగుళం...
దావాకి ముందేడు మా మామ గోడకి పూత వేయించాడు.
పోయేముందు చెప్పాడు."
ఆ ఏడే మేమూ వేయించాం.
చెప్పలేదు.
"కోర్టు ఫీజు కొంత వెనక్కిస్తారట,
గేటుకి రంగు వేయిద్దాం" అంది.
ఊఁ అన్నాను.

సాయంత్రం
ఎవర్నీ అడక్కుండా సందులోంచి నడిచాను.
ఒళ్లు పెరిగిందో, సందు తరిగిందో,
చొక్కా దులుపుకుంటే
రెండు భుజాలకీ సున్నం.